బ్యాండుకు కూడా ఒక వేదిక కావాలి

‘సంక్రాంతికి వస్తున్నాం’ సినిమా ట్రైలర్ విడుదల వేడుక 2025 జనవరి 6న మన నిజామాబాద్‌లోనే జరిగింది. నిర్మాత దిల్ రాజు ఈ జిల్లాలోని నర్సింగ్‌పల్లి బిడ్డ కాబట్టి పండుగ ఇక్కడి దాకా వచ్చింది. అప్పటికే ఊరూవాడా మోగుతున్న ఆ సినిమా పాట ‘గోదారి గట్టు’. భీమ్స్ బాణీకి భాస్కరభట్ల మాటలు రాశారు. మధుప్రియతో కలిసి రమణ గోగుల పాడారు. ఆ గొంతు చెవిన పడగానే నలభై దాటినవాళ్లు చేతిలో పని ఆపారు. ఎన్నేళ్లయింది ఆయన పాట విని!

రమణ గోగుల విశాఖ మనిషి, ఐఐటీ ఖరగ్‌పూర్‌లో చదివిన ఇంజినీరు. సినిమాకన్నా ముందు ఆయనకు మిస్టీ రిథమ్స్ అనే బ్యాండు, 1996లో ‘ఆయే లైలా’ అనే పాప్ ఆల్బమ్ ఉన్నాయి. 1998లో ‘ప్రేమంటే ఇదేరా’తో సినిమాల్లోకి వచ్చారు. ఆ మరుసటి ఏడు ‘తమ్ముడు’లో చేసిన సాహసం ఇప్పటికీ నాకు ఆశ్చర్యమే. పవన్ కల్యాణ్ వేళ్ల మీంచి కారు పోతుంటుంది, ఛాతీ మీద బండలు పగులుతుంటాయి. వెనక ఎలక్ట్రిక్ గిటారు, ఆ పైన మొదటి నుంచి చివరి దాకా ఇంగ్లిష్‌లోనే సాగే రాక్ పాట. హాల్లో నేల క్లాసు కూడా దానికి ఈలలు వేసింది. తెలుగు ప్రేక్షకుడికి ఇది ఎక్కదు, అది ఎక్కదు అనే మాట ఆ రోజే అబద్ధమని తేలింది.

కానీ సినిమా ఆయన పాటలను తీసుకుంది, బ్యాండును తీసుకోలేదు. మన దగ్గర బ్యాండు అంటే సినిమా గుమ్మం దాకా తెచ్చి దింపే బండి అయిపోయింది. చెన్నైలో నెమెసిస్ అవెన్యూ అనే రాక్ బ్యాండు పెట్టిన రెహమాన్ ‘లే మస్క్’ సినిమాకు స్వయంగా దర్శకత్వం వహించే దాకా వెళ్లారు. గొప్ప ప్రయాణమే. సినిమాకు వెళ్లడం తప్పని నేను అనను. ముందుకు వెళ్లడానికి అదొక్కటే దారి కావడం నాకు బాధ.

రమణ గోగులకు చేతిలో ఇంకో చదువు, ఇంకో ఉద్యోగం ఉన్నాయి. అందుకే ధైర్యంగా ప్రయోగాలు చేశారు, వద్దనుకున్నప్పుడు టెక్నాలజీ కొలువుకు వెళ్లిపోయారు. బోధన్ పిల్లవాడికి ఆ వెసులుబాటు ఏది? 1937లో పెట్టిన నిజాం షుగర్స్ ఫ్యాక్టరీ ఒకప్పుడు బోధన్‌లోని శక్కర్‌నగర్‌లో ఇంటింటికీ నెల జీతం. 2015 డిసెంబరులో దానికి తాళం పడింది. ఆ ఇళ్లలో కీబోర్డు, ప్యాడ్ నేర్చుకున్న కుర్రాడు పెళ్లి బరాత్‌లో, వినాయక నిమజ్జనంలో వాయిస్తేనే నాలుగు డబ్బులు. అక్కడ అడిగేవి సినిమా పాటలే. సొంత పాట కట్టినా వినిపించే చోటు లేదు.

వినేవాళ్లు లేరని మాత్రం ఎవరూ అనవద్దు. ‘ఫిదా’లో మధుప్రియ ‘వచ్చిండే’ పాడితే, బాన్సువాడ యాసలో నడిచిన ఆ సినిమాను రాష్ట్రాలకు రాష్ట్రాలే నెత్తిన పెట్టుకున్నాయి. ఈ గడ్డ పలుకుకు గిరాకీ ఉంది.

నిజామాబాద్ నగరంలో రాజీవ్ గాంధీ ఆడిటోరియం ఉంది. నెలకు ఒక్క శనివారం సాయంత్రం దాన్ని సొంత పాటలు కట్టుకునే కుర్రాళ్లకు అద్దె లేకుండా ఇవ్వాలి. సౌండ్ ఖర్చు నగరపాలక సంస్థ భరించాలి. టికెట్ యాభై రూపాయలు పెట్టి, వచ్చిన డబ్బంతా వాయించినవాళ్లకే పంచాలి. గిరిరాజ్ కాలేజీ, డిచ్‌పల్లి తెలంగాణ యూనివర్సిటీ తమ విద్యార్థులను పంపాలి. ఇప్పుడు రాష్ట్ర ఫిల్మ్ డెవలప్‌మెంట్ కార్పొరేషన్ ఛైర్మన్ కుర్చీలో ఉన్నది కూడా దిల్ రాజు గారే. సినిమా వేడుకను సొంత జిల్లాకు తెచ్చిన మనిషి, ఆ మొదటి శనివారం వచ్చి ముందు వరుసలో కూర్చోవాలని కోరుతున్నాను.