ఒక వాక్యాన్ని దిద్దుకోవాలి



2025 జూన్ నెలలో ఒక సాయంత్రం నా పూర్వ విద్యార్థి ఒకతను ఫోను చేశాడు. కొల్లేటి లంక గ్రామం వాడు. ఇప్పుడు చేపల వ్యాపారం చేసుకుంటున్నాడు. కుశల ప్రశ్నలేవీ లేకుండానే "మాస్టారూ, ఢీ రద్దయిందటండీ! పేపర్లో వేశారు" అన్నాడు. ఏ బస్సో, ఏ లారీయో అనుకుని నేను కంగారు పడ్డాను. "అది కాదండీ, ఆకాశంలో ఢీ! తొమ్మిదో తరగతిలో మీరే చెప్పారు గదండీ" అన్నాడు.

అప్పుడు గుర్తుకు వచ్చింది. 2012 మే నెలాఖరున నాసా వారు ఒక ప్రకటన చేశారు. హబుల్ దూరదర్శినితో కొన్నేళ్ళపాటు కొలిచి చూడగా, ఆండ్రోమెడా అనే పొరుగు నక్షత్ర మండలం నేరుగా మన పాలపుంత వైపే వస్తున్నదని తేలిందన్నారు. పత్రికలు పెద్ద అక్షరాలతో వేశాయి. బడులు తెరిచిన కొత్తలో ఒకనాడు సైన్సు మాస్టారు సెలవు పెడితే ఆ పీరియడు నాకు వచ్చింది. తెలుగు పండితుణ్ణి, సైన్సు చెప్పే అవకాశం ఎప్పుడో గాని చిక్కదు. ఉత్సాహం కొద్దీ నల్లబల్ల మీద ఇలా వ్రాశాను: "400 కోట్ల సంవత్సరాల తరువాత ఆండ్రోమెడా మన పాలపుంతను ఢీకొంటుంది."

వెనుక బెంచీ నుండి ఈ కుర్రవాడు లేచి "అప్పటికి మా కొల్లేరు ఉంటుందా మాస్టారూ?" అని అడిగాడు. తరగతి అంతా నవ్వింది. నేనూ నవ్వి "కొల్లేరేమిట్రా, ఏలూరే ఉండదు" అన్నాను. అతను మరేమీ అడగకుండా కూర్చున్నాడు. 2006లో కొల్లేటిలో చేపల చెరువుల గట్లు తెగగొట్టినప్పుడు ఆ పిల్లవాడికి ఎనిమిదేళ్ళు. గట్టు మీద నిలబడి చూశాడట. అంత పెద్ద నీళ్ళు ఒక్క పూటలో లేకుండా పోవడం కళ్ళారా చూసినవాడు ఆ ప్రశ్న వేళాకోళానికి అడిగి ఉండడు. ఆ సంగతి నాకు చాలా కాలం తరువాత గాని తట్టలేదు.

ఫోను పెట్టేశాక నేను వ్రాసిన వాక్యాన్ని మళ్ళీ తలచుకున్నాను. నాకు ఖగోళశాస్త్రం రాదు, వ్యాకరణం కాస్త వచ్చు. ఆ వాక్యంలో కర్త తప్పు, క్రియ తప్పు, కాలమూ తప్పు. పదమూడేళ్ళు ఆలస్యమైనా దిద్దడం నా విధి.

మొదట కర్త సంగతి. "ఆండ్రోమెడా మనల్ని ఢీకొంటుంది" అంటే ఎవరో శత్రువు దండెత్తి వస్తున్నట్లూ, మనం ఇంట్లో తలుపులు వేసుకుని కూర్చున్నట్లూ ధ్వనిస్తుంది. గ్రీకుల కథలో ఆండ్రోమెడా సముద్రపు బండకు గొలుసులతో కట్టిన రాకుమారి. పాపం, ఎవరి మీదికో వచ్చిపడే అవస్థలో లేదు. హిందీ, మరాఠీ భాషలలో ఈ మండలానికి దేవయాని అన్న పేరు వాడుకలో ఉన్నది. నాకూ ఆ పేరే ఇష్టం. ఇక మీద అదే వాడతాను.

దేవయాని మనకు కొత్త చుట్టమేమీ కాదు. మన ఇరవైయేడు నక్షత్రాలలో ఉత్తరాభాద్ర ఒకటి గదా. దాని రెండు చుక్కలలో ఉత్తరపు చుక్క నుండి ఈశాన్యంగా రెండవ చుక్క వద్దకు వెళ్ళి, అక్కడి నుండి వాయవ్యానికి తిరిగి రెండు చిన్న చుక్కలు దాటితే దాని పక్కనే కనబడుతుంది. కార్తీక మాసంలో రాత్రి తొమ్మిది గంటల వేళ మన ప్రాంతంలో అది నడినెత్తికి కొంచెం ఉత్తరంగా ఉంటుంది. తాడేపల్లిగూడెంలో ఉద్యోగం చేసిన రోజులలో, రెండవ ప్రపంచ యుద్ధం నాటి పాత రన్‌వే మీదికి వెళ్ళి ఊరి దీపాలకు వీపు పెట్టి చూసేవాణ్ణి. నల్లబల్ల మీద సుద్దముక్క గీతను అరచేత్తో తుడిస్తే మిగిలే మరకలాగా ఉంటుంది. సూటిగా చూస్తే మాయమవుతుంది, ఓరగా చూస్తే తేలుతుంది. పారశీక పండితుడు అల్ సూఫీ 964లోనే దానిని చిన్న మేఘమని వర్ణించాడు. అది మన పాలపుంతకు ఆవల ఉన్న మరొక మహామండలమని నిర్ధారణ కావడానికి దారి తీసింది 1923లో హబుల్ అందులో గుర్తించిన ఒక్క నక్షత్రం. మన కంటికి చేరే ఆ వెలుగు సుమారు 25 లక్షల యేళ్ళ క్రితం అక్కడ బయలుదేరినది.

అది మన వైపు వస్తున్నదని 1912లో స్లైఫర్ అనే అమెరికా శాస్త్రజ్ఞుడు దాని కాంతిని విడదీసి కనిపెట్టాడు. ఆయనకు సెకనుకు దాదాపు 300 కిలోమీటర్లని తేలింది. అయితే అందులో సూర్యుడు పాలపుంత చుట్టూ పరుగెత్తే వేగం కూడా కలిసి ఉంది. దానిని తీసివేస్తే రెండు మండలాల మధ్య దూరం సెకనుకు సుమారు 110 కిలోమీటర్ల చొప్పున తరుగుతున్నది. తరుగుతున్నది దూరం, తరిగిస్తున్నవారు ఇద్దరూ. ఒకదాని ఆకర్షణకు మరొకటి లోబడి రెండూ కదులుతున్నాయి. దేవయాని వారి ఊళ్ళో బడి ఉంటే అక్కడి పంతులు కూడా "పాలపుంత మనల్ని ఢీకొంటుంది" అనే వ్రాసి ఉంటాడు! కనుక ఇక్కడ ఒక కర్త, ఒక కర్మ పనికిరావు. ద్వంద్వ సమాసం కావాలి. అందులో రెండు పదాలకూ సమాన ప్రాధాన్యం.

ఇక క్రియ. "ఢీకొను" అనగానే మనకు పొట్టేళ్ళు, లేదా జాతీయ రహదారి మీది లారీలు గుర్తుకు వస్తాయి. రెండు గట్టి వస్తువులు తగిలి, పగిలి, చెల్లాచెదరు కావాలి. మండలాల విషయంలో అది జరగదు. ఎందుకో లెక్క వేసి చూశాను.

సూర్యుని అడ్డుకొలత సుమారు 14 లక్షల కిలోమీటర్లు. మనకు అతి సమీపంలో ఉన్న మరో నక్షత్రం దాదాపు 40 లక్షల కోట్ల కిలోమీటర్ల దూరంలో ఉంది. సూర్యుణ్ణి ఆవగింజంత చేసి ఏలూరు స్టేషనులో పెట్టామనుకోండి. రెండవ ఆవగింజను తాడేపల్లిగూడెం స్టేషనులో పెట్టాలి. నడుమ భీమడోలు లేదు, కైకరం లేదు, ఉంగుటూరు లేదు, అంతా శూన్యం. ఇటువంటి ఆవగింజల గుంపు ఒకటి ఇంకొక గుంపులోనుండి దూసుకుపోతే గింజకు గింజ తగలడమన్నది లేదనే చెప్పాలి. నక్షత్రాల నడుమ పలుచగా పరచుకున్న వాయు మేఘాలు మాత్రం ఒకదానికొకటి తగులుతాయి, ఒత్తుకుంటాయి. ఆ ఒత్తిడిలో కొత్త నక్షత్రాలు పుడతాయి. ఇది విధ్వంసమైతే పురుడు కూడా విధ్వంసమే.

ఒకసారి ఒకదానిలోనుండి ఒకటి దాటిపోయాక కూడా కథ ముగియదు. గుంపులోనుండి పోయే బరువైన వస్తువును వెనుక పోగుపడ్డ నక్షత్రాలు తమ ఆకర్షణతో వెనక్కి లాగి దాని వేగాన్ని తగ్గిస్తాయి. ఈ లాగుడును 1943లో లెక్క కట్టి చూపినవారు మన సుబ్రహ్మణ్యన్ చంద్రశేఖర్. అందువలన దాటిపోయిన మండలాలు వెనుదిరిగి వచ్చి, మళ్ళీ దాటి, ఊగి ఊగి చివరికి ఒకటవుతాయి.

దీనికి తగిన క్రియ కోసం ఏలూరు వాళ్ళం నిఘంటువులు తిరగేయనక్కరలేదు. విజయవాడ నుండి కృష్ణా కాలువ, విజ్జేశ్వరం నుండి తాడేపల్లిగూడెం మీదుగా గోదావరి కాలువ వచ్చి మా ఊరిలోనే కలుస్తాయి. సహ్యాద్రిలో వేరువేరు చోట్ల పుట్టిన రెండు నదుల నీళ్ళు అవి. కృష్ణ గోదావరిని ఢీకొన్నదని ఇక్కడ ఏ ముసలమ్మా అనగా నేను వినలేదు. "కలుస్తాయి" అంటారు. అంతకంటె మంచి మాట నాకు దొరకలేదు.

మూడవది కాలం. నన్ను ఎక్కువగా బాధించిన తప్పు ఇదే. వ్యాకరణంలో భవిష్యత్తు వేరు, తద్ధర్మం వేరు. మునుముందు జరిగేది భవిష్యత్తు. ఎల్లప్పుడూ జరిగే స్వభావాన్ని చెప్పేది తద్ధర్మం. కాని మన వ్యవహారంలో రెండింటికీ ఒకే రూపం నిలిచింది. "సూర్యుడు తూర్పున ఉదయిస్తాడు" అంటాం. "రేపు పాసింజరులో మామయ్య వస్తాడు" అని కూడా అంటాం. సూర్యోదయానికి ఉన్న నిశ్చయం మామయ్య రాకకు లేదు. పాసింజరు ఆలస్యం కావచ్చు, అత్తయ్య వద్దనవచ్చు. అయినా క్రియారూపం ఒక్కటే. ఇంట్లో మాటలకు ఇబ్బంది లేదు, వినేవాడికి మామయ్య సంగతి తెలుసు గనుక. శాస్త్ర విషయం చెప్పేటప్పుడు మాత్రం ఇది ప్రమాదం. నేను మామయ్యను గురించి చెబుతూ సూర్యోదయమన్నట్లు చెప్పాను.

2025 జూన్‌లో వెలువడిన పరిశోధన ఏమంటున్నది? హెల్సింకి విశ్వవిద్యాలయానికి చెందిన టిల్ సవాలా బృందం హబుల్, గయా దూరదర్శినుల కొలతలను తీసుకున్నది. ఏ కొలతా నిక్కచ్చి కాదు గదా; అటూ ఇటూ కొంత తేడా ఉంటుంది. ఆ తేడాలన్నిటినీ లెక్కలోకి తీసుకుని, కంప్యూటరులో లక్ష సార్లు భవిష్యత్తును నడిపి చూశారు. రాగల 1000 కోట్ల యేళ్ళలో ఈ రెండు మండలాలు కలిసే అవకాశం సుమారు సగం. 400, 500 కోట్ల యేళ్ళలోనే కలిసే అవకాశం నూటికి 2 పాళ్ళు మాత్రమే. పక్కనున్న చిన్న మండలాలను కూడా లెక్కలో చేర్చడం వలన ఈ మార్పు వచ్చింది. త్రికోణ రాశిలోని మండలం కలయికకు తోడ్పడుతున్నది. దక్షిణాకాశంలోని పెద్ద మెగెల్లానిక్ మేఘం పక్కకు లాగుతున్నది. ఆ మేఘం మాత్రం సుమారు 200 కోట్ల యేళ్ళలో మన పాలపుంతలో కలిసిపోవడం దాదాపు నిశ్చయమట. దేవయాని కోసం వీథిలోకి తొంగిచూస్తుంటే పెరటి గుమ్మంలోనుండి వచ్చే చుట్టం అది.

కనుక ఢీ రద్దు కాలేదు, ఖాయమూ కాలేదు. కొందరు మిత్రులు "శాస్త్రజ్ఞులు నిన్న ఒకటి, నేడు ఒకటి చెబుతారు, వారిని నమ్మడమెలా?" అంటారు. నా అభిప్రాయం వేరు. తన లెక్క తానే మళ్ళీ వేసుకుని, పేరు పెట్టి, తేదీ వేసి దిద్దుకునేవాడిని నమ్మక మరెవరిని నమ్ముతాం? నలభై యేళ్ళకు దగ్గరగా పిల్లల పుస్తకాలు దిద్దాను. నా పుస్తకం దిద్దుకున్నది ఎన్నిసార్లని అడిగితే తలవంచుకోవాలి.

ఇంకొక వర్గం వారికీ ఒక మాట. 2012లో ఆ 400 కోట్ల అంకె చూడగానే "బ్రహ్మకు ఒక పగలు 432 కోట్ల యేళ్ళు గదా, మన ఋషులు ముందే చెప్పారు" అని పొంగిపోయినవారున్నారు. దాచడమెందుకు, ఒక పూట నేనూ పొంగాను. కాని మన సంకల్పమే చూడండి. శ్వేతవరాహ కల్పంలో వైవస్వత మన్వంతరమంటే ఏడవది. పురాణ గణన ప్రకారమే ఈ కల్పంలో ఇప్పటికి సుమారు 197 కోట్ల యేళ్ళు గడిచాయి. మిగిలినవి 235 కోట్లు. మన లెక్కతోనే పొంతన కుదరలేదు. ఇప్పుడు ఆ 400 కోట్లూ సగం సగమయ్యాయి. మరి ఋషులను కూడా దిద్దుదామా? అంత పెద్ద కాలాన్ని ఊహించగల గుండె వారికి ఉన్నదని సంతోషిద్దాం. అది చాలు. వార్త వచ్చినప్పుడల్లా వారిని సాక్ష్యానికి పిలవడం వారికి గౌరవం కాదు.

ఇప్పుడు దిద్దిన వాక్యం వ్రాస్తాను: "పాలపుంతా, దేవయానీ కొన్ని వందల కోట్ల యేళ్ళకు కలవవచ్చు, కలవకపోవచ్చు." నల్లబల్ల మీద ఇది మునుపటి వాక్యమంత గంభీరంగా ఉండదు. పిల్లలు ఊపిరి బిగబట్టరు. అయినా ఇదే వ్రాయాలి. "వచ్చు" అన్న ఆ చిన్న క్రియను మనం బలహీనుల మాటగా చూస్తున్నాం. తెలిసినంత మేరకే చెప్పడానికి భాష మనకిచ్చిన సాధనం అది.

ఆ పిల్లవాడి ప్రశ్నకు జవాబు మిగిలే ఉంది. మొన్న నేనే తిరిగి ఫోను చేశాను. "నాయనా, ఆనాడు నవ్వినందుకు ఏమీ అనుకోకు. దేవయానికీ మీ కొల్లేటికీ సంబంధం లేదు. అంతకు చాలా ముందే, మరో 100 కోట్ల యేళ్ళకు, సూర్యుని వేడి పెరిగి సముద్రాలే ఇంకిపోతాయని అంచనా. ఆకాశం వలన మీ కొల్లేటికి వచ్చే ముప్పు అంత దూరంలో ఉంది" అన్నాను.

అతను కాసేపు ఊరుకుని "అయితే దగ్గరలో ముప్పు మా వల్లేనన్న మాట" అన్నాడు. చేపల చెరువుల మీద బ్రతికేవాడు ఆ మాట అనడం తేలిక కాదు. 1999లో అభయారణ్యమన్నాం, 2002లో రామ్‌సార్ జాబితాలో చేరిందని సంతోషించాం, 2006లో గట్లు తెగగొట్టాం. బుడమేరు, తమ్మిలేరు తెచ్చిన నీళ్ళు ఉప్పుటేరు గుండా సముద్రానికి పోవడానికి దారి మాత్రం ఇప్పటికీ ఇరుకే. "మీ వల్లే అనకు, మా ఏలూరు మురుగు కూడా అక్కడికే గదా వచ్చేది. మన వల్ల అను" అన్నాను.

"మరి ఉంటుందా మాస్టారూ?" అని మళ్ళీ అదే ప్రశ్న వేశాడు.

ఈసారి నేను నవ్వలేదు. "ఉండవచ్చు" అన్నాను.

సెలవు.