లెక్కలో నిరుద్యోగులం కూడా కాని మనం

తమ్ముడూ, చెల్లీ! నువ్వు డిగ్రీ చదివావు. బీఈడీ చేశావు. టెట్ కూడా పాసయ్యావు. ఇప్పుడు ఇంటి దగ్గరుండి నాన్నతో పోడు దున్నుతున్నావు, అమ్మతో సంతకి చింతపండు మోస్తున్నావు. ఎవరైనా అడిగితే ఉద్యోగం లేదంటావు. కానీ సర్కారు లెక్కలో నువ్వు నిరుద్యోగివి కాదు.

ఎలాగంటావా? కేంద్రం చేయించే శ్రామిక సర్వేలో ఏడాదికి ఓ 30 రోజులు ఏదో ఒక పని చేస్తే చాలు, పని ఉన్నోళ్ళ కింద రాసేస్తారు. సొంత చేలో పైసా కూలి లేకుండా ఇంటోళ్ళకి సాయం చేసినా అది పనే. అందుకే దేశం మొత్తం మీద చూస్తే ఎస్టీల్లో నిరుద్యోగం రేటు మిగతావాళ్ళకంటే తక్కువగా కనిపిస్తుంది. ఖాళీగా కూర్చుని ఉద్యోగం కోసం ఎదురుచూసే స్తోమత మన ఇళ్ళల్లో ఎవరికుంది? తిండి కోసం కొండెక్కడాన్నే ఉపాధి అని రాసుకుని, సమస్యే లేదంటున్నారు.

ఇక ఆఫీసర్లు, నాయకులు మీటింగుల్లో చెప్పే కారణం నీకు తెలుసు. "మీ పిల్లలకి స్కిల్స్ లేవు." సరే, ఒక మాట అడుగుదాం. గిరిజన తండాల్లో, గూడేల్లో బడి చెప్పడానికి ఏ స్కిల్ కావాలి? పిల్లల భాష రావాలి. ఊళ్ళో ఉండాలి. వానాకాలంలో గెడ్డ పొంగినా బడి తెరవాలి. ఈ స్కిల్ ఎవరి దగ్గరుంది? మరి ఆ ఉద్యోగం ఎవరికి పోతోంది?

ఈ కథ అందరూ తెలుసుకోవాలి. మైదానం నుంచి వచ్చిన టీచర్లు ఏజెన్సీలో నిలవకపోవడం, బడులు మూతపడి ఉండడం చూశాకే 1986లో 275 జీవో వచ్చింది. షెడ్యూల్డ్ ప్రాంతంలో టీచర్ పోస్టులు స్థానిక గిరిజనులకే అని గవర్నర్ ఉత్తర్వు. అది ట్రిబ్యునల్‌లో పోయింది. తర్వాత 2000 జనవరి 10న జీవో నెంబర్ 3 వచ్చింది. ఏజెన్సీ బడుల్లో టీచర్ పోస్టులు నూటికి నూరు స్థానిక ఎస్టీలకే, అందులో మూడో వంతు ఆడవాళ్ళకి. మన ఊళ్ళల్లో మొదటి తరం గవర్నమెంట్ ఉద్యోగులు చాలామంది ఈ జీవోతో వచ్చినవాళ్ళే. మన అక్కలు చీర కట్టుకుని బడికి పోతుంటే చూసి చదువుకున్న చెల్లెళ్ళు ఎందరో.

2020 ఏప్రిల్ 22న, దేశమంతా లాక్‌డౌన్‌లో ఉండగా, సుప్రీంకోర్టు ఐదుగురు జడ్జీల ధర్మాసనం ఆ జీవోని కొట్టేసింది. నూరు శాతం రిజర్వేషన్ రాజ్యాంగానికి విరుద్ధమంది. అప్పటికే ఉద్యోగంలో ఉన్నవాళ్ళని షరతులతో ఉంచింది. రెండు రాష్ట్రాలకీ ఖర్చుల కింద 5 లక్షలు వేసింది.

తీర్పు మీద మనకి కోపం ఉంది, ఉండాలి కూడా. పాడేరు ఏజెన్సీలో నూటికి 80 మందికి పైగా ఆదివాసీలే ఉన్నచోట, మైదానం లెక్క తెచ్చి సమానత్వం అంటే అది ఎవరికి సమానం? కానీ కోపం అక్కడే ఆపేస్తే అసలు దొంగ తప్పించుకుంటాడు. కోర్టు నూరు వద్దంది. ఆరుకి దిగిపొమ్మని ఏ కోర్టూ చెప్పలేదు! ఆంధ్రలో ఇవాళ మామూలు రోస్టర్ ప్రకారం ఎస్టీ వాటా 6 శాతం. ఆ ఆరులో కూడా ఏజెన్సీ వాడనీ మైదానం వాడనీ తేడా లేదు. నూరుకీ ఆరుకీ మధ్య ఎంత జాగా ఉంది? ఆ జాగాలో చట్టం చేయాల్సింది అసెంబ్లీ. 2025లో 16,347 పోస్టులతో మెగా డీఎస్సీ వేశారు. ఏజెన్సీ పోస్టులు వేరు చేసి స్పెషల్ డీఎస్సీ పెట్టమని మన పిల్లలు రోడ్డెక్కి మొత్తుకున్నా వినలేదు. ఓట్ల ముందు జీవో 3 మీద కన్నీళ్ళు పెట్టుకున్నవాళ్ళు గెలిచాక ఏ బిల్లు తెచ్చారో అడగండి.

దారి లేదనే మాట నమ్మొద్దు. ఒక దారి చెప్తా. ఏజెన్సీ ప్రైమరీ బడి టీచర్‌కి ఆ ఊరి భాష రావడం అర్హతగా పెట్టాలి. కువి, కోయ, గోండి, సవర, ఆదివాసీ ఒడియా, ఏ ఊళ్ళో ఏదైతే అది. భాష వచ్చిన ఎవరైనా రాసుకోవచ్చు, కులం అడగక్కర్లేదు. చిన్నపిల్లలకి అమ్మభాషలో చదువు చెప్పే ఏర్పాటు చేయాలని రాజ్యాంగం 350ఎ అధికరణం చెప్తోంది. 2020 జాతీయ విద్యా విధానం కూడా వీలైనచోటల్లా ఐదో తరగతి దాకా అమ్మభాషే అంటోంది. కాగితం మీద ఉన్నదే అమలు చేయమంటున్నాం. ఇందులో గొంతెమ్మ కోరిక ఏముంది?

టీచర్ పోస్టులన్నీ ఇచ్చినా అందరికీ సరిపోవు, నిజమే. మిగతావాళ్ళ కోసం సర్కారు పథకం ఏంటి? మూడు నెలల ట్రైనింగు. ఆ తర్వాత ఏ సిటీలోనో సెక్యూరిటీ గార్డు పని, లేదా బట్టల కంపెనీలో షిఫ్టు. గది అద్దె, తిండి పోతే జీతంలో ఇంటికి పంపడానికేం మిగలదు, ఆర్నెల్లకి తిరిగొస్తారు. "మీవాళ్ళు నిలవరు" అంటారు మళ్ళీ. సబ్సిడీ లోనంటే బ్యాంకు కాన్సెంట్ కావాలి. బ్యాంకు మేనేజరు ష్యూరిటీ అడుగుతాడు. ఫైలు ఐటీడీఏకీ బ్యాంకుకీ మధ్య తిరుగుతుంటే నీ వయసు దాటిపోతుంది.

అదే సమయంలో మన కొండ నుంచి ఏం దిగుతోందో చూడు. కాఫీ, మిరియాలు, చింతపండు, కొండచీపుర్లు, తేనె, జిగురు. గింజగా దిగిన కాఫీ పొడిగా, ప్యాకెట్‌గా, బ్రాండ్‌గా మారేచోటే ఉద్యోగాలు, లాభం. ఆ చోటు మన ఊళ్ళో లేదు. గిరిజన సహకార సంస్థ 1956లో పుట్టింది, మనల్ని దళారి నుంచి కాపాడడానికే. ఇన్నేళ్ళయినా మనం సరుకు అమ్ముకునేవాళ్ళంగానే మిగిలాం. ప్రతి పెద్ద సంత దగ్గరా గింజ ఆడించే, గ్రేడింగ్ చేసే, ప్యాక్ చేసే యూనిట్ పెట్టి, దాన్ని మన పిల్లల సంఘాలకి అప్పజెబితే ఎంతమంది ఇంటి దగ్గరే బతుకుతారో ఆలోచించు.

ఒక మాట మనలో మనం కూడా అనుకోవాలి. మన జీవోతో ఉద్యోగం తెచ్చుకుని, కాపురం టౌన్‌లో పెట్టి, వారానికి రెండ్రోజులు బడికొచ్చే అన్నలు ఉన్నారు. మనవాడే కదా అని ఊరుకుంటే, "మీకిచ్చినా అంతే కదా" అనేవాడి నోటికి మనమే మాట అందించినట్టు. మన బడి మన పిల్లలది. నిలదీసే హక్కు గ్రామసభది.

కాబట్టి ఈ నెలలోనే మొదలెట్టండి. మీ మండలంలో టీచర్, అంగన్‌వాడీ, ఆరోగ్య శాఖ పోస్టులు ఎన్ని మంజూరు, ఎన్ని ఖాళీ, ఉన్నవాళ్ళలో స్థానికులెందరు అని సమాచార హక్కు కింద అర్జీ పెట్టండి. ఆ లెక్క తెలుగులోనూ మన భాషలోనూ గ్రామసభలో చదవండి. భాషార్హత కావాలని తీర్మానం చేసి ఐటీడీఏ పీవోకి, ఎమ్మెల్యేకి ఇచ్చి రసీదు తీసుకోండి. పెసా చట్టం వచ్చింది 1996లో. అది సభలో వాడితేనే చట్టం, లేకపోతే కాగితమే.

వాళ్ళ లెక్కలో మనం నిరుద్యోగులం కాదు కదా. అయితే మన లెక్క మనమే రాద్దాం, ఊరూరా, పేరుపేరునా.

మావ నాటె మావ రాజ్!