ఒకటి నేర్వ నొకటి విడువవలెనా?

కన్నడము రావలెనన్న తెలుగు విడువవలెననియు, చదువు రావలెనన్న ఆట మానవలెననియు మన పరగోడు ప్రాంతమున పెద్దలు కొందరు తలంచుచున్నారు. మేమందుల కంగీకరింపజాలము.

కర్నల్ సి. కె. నాయుడుగారు 1895లో, తెలుగు గడ్డకు దూరముగ నాగపురమున, తెలుగు కుటుంబమున జన్మించిరి. క్రికెట్టున బ్యాటింగు, బౌలింగు, ఫీల్డింగు మూడింటను ఆరితేరిరి. 1926లో బొంబాయిలో ఎం. సి. సి. జట్టుపై 11 సిక్సర్లతో 153 పరుగులు తీసిరి. 1932లో లార్డ్సు మైదానమున భారతదేశపు తొలి టెస్టుకు నాయకులై, ఫీల్డింగులో చేయి గాయపడినను, మొదటి ఇన్నింగ్సున జట్టులో నందరికన్న మిన్నగ 40 పరుగులు సాధించిరి. అరువదియేండ్లు దాటియు రంజీ పోటీల నాడిరి.

ఒక నేర్పు మరియొక నేర్పునకు శత్రువు కాదు. తల్లిదండ్రులారా, సాయంకాలమొక గంట బిడ్డలను మైదానమునకు పంపుడు. విద్యార్థులారా, రెండు భాషలను శ్రద్ధతో చదువుడు. దేనిని విడిచినను నష్టము మనదే.