పొగను చీపురుతో ఊడుస్తున్నారు

విశాఖ వన్‌టౌన్‌లో కాపురం చేసే ఇల్లాలికి గాలి నాణ్యత సూచీతో పని లేదు. పొద్దున్నే గచ్చు తుడిచిన తడిగుడ్డే ఆమెకు సూచీ. అది ఎంత నల్లబడిందో చూసి రాత్రి గాలి ఎటునుంచి వీచిందో చెప్పేస్తుంది. డాబా మీద వడియాలు పెట్టాలన్నా, పిల్లల తెల్ల యూనిఫాం ఆరేయాలన్నా ముందు రేవు వైపు చూసుకోవాలి. కోటవీధి మొదలు జ్ఞానాపురం దాకా ఎవరినడిగినా ఒకటే మాట: బొగ్గు దుమ్ము. 1933లో మొదలైన విశాఖ రేవులో ఇప్పుడు ఏడాదికి 8 కోట్ల టన్నులకు పైగా సరుకు ఎక్కుతోంది, దిగుతోంది. బొగ్గు, ఇనుప ఖనిజం అందులో ముఖ్యమైనవి. రేవు కంటే ఊరు పాతది. రేవు పెరిగినప్పుడల్లా సర్దుకోవలసింది మాత్రం ఊరే.

ఫిర్యాదు చేస్తే జవాబు సిద్ధం. బొగ్గు గుట్టల మీద నీళ్లు చల్లుతున్నాం, టార్పాలిన్లు కప్పుతున్నాం, చెట్లు నాటాం, గోడ కట్టాం, షెడ్లు వేస్తున్నాం. ఇవేవీ అబద్ధాలు కావు, చేయకూడనివీ కావు. అయితే ఈ జవాబు వెనక ఉన్న ఆలోచనే ఇవాళ దేశం మొత్తాన్నీ పట్టుకుంది. కంటికి కనిపించేది దుమ్ము కాబట్టి దుమ్మే కాలుష్యం. నీళ్లు చల్లితే దుమ్ము అణుగుతుంది కాబట్టి కాలుష్యం తగ్గినట్టే. ప్రాణం తీసే పొగ ఈ లెక్కలో ఎక్కడా తేలదు. పొరపాటున తేలలేదని మేం అనుకోవడం లేదు. తేలకపోతేనే కొందరికి సుఖం కాబట్టి తేలనివ్వలేదు. మా అభియోగం అదే.

ముక్కులో ఇరుక్కునే దుమ్ము వేరు, ఊపిరితిత్తుల లోతుకు దిగే ధూళి వేరు. మొదటిది చాలామటుకు తుమ్ముతోనో కఫంతోనో బయటికొస్తుంది. పీఎం 2.5 అని పిలిచే రెండోది తలవెంట్రుక మందంలో ముప్పయ్యో వంతు కూడా ఉండదు. దాన్ని ముక్కు ఆపలేదు, గొంతు ఆపలేదు. గాలి తిత్తుల దాకా పోయి అక్కణ్నుంచి నెత్తురులో కలుస్తుంది. దగ్గు, ఆయాసంతో ఆగితే అదృష్టమే. గుండెపోటులో, పక్షవాతంలో, ఊపిరితిత్తుల క్యాన్సర్‌లో, బరువు తక్కువగా పుట్టిన బిడ్డలో దాని పాత్ర ఉందని వైద్యశాస్త్రం తేల్చి చాలా కాలమైంది. డీజిల్, బొగ్గు, చెత్త, పిడకలు, ఏది ఎక్కడ మండినా అది పుడుతుంది. అసలు తిరకాసు ఇంకోటుంది. ఈ ధూళిలో కొంత గొట్టంలోంచి ధూళిగా రానే రాదు. బొగ్గు మండితే వచ్చే సల్ఫర్ డయాక్సైడ్ ఒట్టి వాయువు. అది గాలిలో తేమతో, ఎండతో కలిసి ఆమ్లంగా మారుతుంది. చేలల్లో చల్లిన యూరియా నుంచీ, పశువుల పేడ నుంచీ లేచే అమ్మోనియా దానికి తోడై సన్నటి సల్ఫేటు రేణువులవుతాయి. గొట్టం దగ్గర కొలిస్తే వాయువు, వందల కిలోమీటర్ల అవతల పీల్చేవాడికి ధూళి. దీన్ని ఏ చీపురు ఊడుస్తుంది? ఏ ట్యాంకరు తడుపుతుంది?

2019 జనవరిలో కేంద్రం జాతీయ స్వచ్ఛ వాయు కార్యక్రమం మొదలుపెట్టింది. ఇప్పుడు దాని పరిధిలో సుమారు 130 నగరాలున్నాయి. ఆంధ్రప్రదేశ్‌లో విశాఖ, విజయవాడ, గుంటూరు మొదలు శ్రీకాకుళం, చిత్తూరు దాకా 13. తెలంగాణలో హైదరాబాద్, పటాన్‌చెరు, సంగారెడ్డి, నల్లగొండ. 2024 నాటికి ధూళి కణాలను 20 నుంచి 30 శాతం తగ్గిస్తామని మొదట చెప్పి, తర్వాత 2025-26 నాటికి 40 శాతం అన్నారు. వినడానికి బాగానే ఉంది. చిక్కు కొలబద్దలో ఉంది. నగరాలకు గ్రాంటు ఇవ్వాలా వద్దా అని తేల్చడానికి చూసేది పీఎం 10నే, అంటే ముతక దుమ్ము కూడా కలిసిన లెక్కనే. మున్సిపల్ కమిషనర్ స్థానంలో ఎవరున్నా ఏం చేస్తారు? స్వీపింగ్ యంత్రం కొంటారు, రోడ్డు పక్క మట్టి మీద సిమెంటు పోయిస్తారు, నడివేసవిలో నీళ్లు చల్లిస్తారు. దుమ్ము తగ్గుతుంది, అంకె దిగుతుంది, గ్రాంటు వస్తుంది. సెంటర్ ఫర్ సైన్స్ అండ్ ఎన్విరాన్‌మెంట్ 2024లో ఈ నిధుల లెక్క తీస్తే 64 శాతం రోడ్ల దుమ్ముకే పోయినట్టు తేలింది. వాహనాల పొగకు సుమారు 12.6 శాతం. పరిశ్రమలకు 0.61 శాతం. వంద రూపాయల్లో పొగగొట్టానికి దక్కింది 61 పైసలు! రోడ్డు గుంతలు పూడ్చడం కూడా ఈ ఖాతాలోనే ఉంది. ఇంటిపన్ను కట్టిన మనిషికి ఎటూ చేసిపెట్టవలసిన పనిని స్వచ్ఛ వాయువు పేరిట చేసి, బోర్డు కూడా పెట్టుకుంటున్నారు.

ఆ 61 పైసలు కూడా దండగే అనిపించేలా ఉంది విద్యుత్ కేంద్రాల కథ. గొట్టంలో పోయే సల్ఫర్‌ను పట్టి ఆపే యంత్రాలు బిగించుకోవాలని 2015 డిసెంబరులో కేంద్ర పర్యావరణ శాఖే నిబంధన పెట్టింది. గడువు రెండేళ్లు. ఆ రెండేళ్లు ఏడయ్యాయి, తర్వాత ఇంకా సాగాయి. చివరికి 2025 జులైలో ఆ శాఖే దేశంలోని బొగ్గు విద్యుత్ యూనిట్లలో దాదాపు 78 శాతానికి ఆ అవసరమే లేదని తేల్చేసింది. మరో 11 శాతం సంగతి ఒక్కొక్కటిగా చూస్తారట. మన బొగ్గులో గంధకం తక్కువ, గాలిలో సల్ఫర్ డయాక్సైడ్ పరిమితిలోనే ఉంది అన్నది వాదన. వాయువు వాయువుగా ఎందుకు కనిపించడం లేదో పైన చెప్పుకున్నాం. అది ధూళిగా మారిపోయింది కాబట్టి. దొంగ వేషం మార్చుకుంటే దొంగే లేడని పంచనామా రాసిన పోలీసుకీ ఈ వాదనకీ తేడా ఏమిటో మాకు అర్థం కాలేదు.

చట్టం మాటకొస్తే, 1981 నాటి వాయు కాలుష్య నివారణ చట్టంలో జైలు శిక్షలు ఉండేవి. 2023లో తెచ్చిన జన విశ్వాస్ చట్టం వాటిలో చాలావాటిని జరిమానాలుగా మార్చింది. పది వేల రూపాయల నుంచి పదిహేను లక్షల వరకు. జైలు పోయిందని మేం కన్నీళ్లు పెట్టడం లేదు, పొగ వదిలి జైలుకెళ్లిన యజమానిని ఎప్పుడూ చూడలేదు కాబట్టి. కానీ వేల కోట్ల టర్నోవరు ఉన్న కంపెనీకి పదిహేను లక్షలు శిక్షా? ఆ లెక్కన కాలుష్యం కంటే యంత్రమే ఖరీదు. పైగా ఆ జరిమానా పడాలన్నా ఎవరో వెళ్లి గొట్టం ఎక్కి కొలవాలి కదా. దేశంలోని కాలుష్య నియంత్రణ మండళ్లలో మంజూరైన పోస్టుల్లో దాదాపు సగం ఖాళీ.

ఇదంతా ఒకేచోట చూడాలనుకునేవాళ్లు మళ్లీ విశాఖకే రావాలి. ఉత్తరాన సింహాచలం, కైలాసగిరి కొండల వరస. దక్షిణాన యారాడ కొండ. మధ్యలో ఊరు బాణలిలా ఉంటుంది. పగలు సముద్రపు గాలి పొగను లోపలికి తోస్తుంది, రాత్రి నేలగాలి దాన్నే వెనక్కి తెస్తుంది. చలికాలంలో పైన వెచ్చటి గాలి పొర మూతలా కూర్చుంటే ఆ పొగకు దారే ఉండదు. ఇలాంటి బాణలిలోనే చమురు శుద్ధి కర్మాగారం, ఎరువుల ఫ్యాక్టరీ, రేవు పెట్టారు. కాస్త అవతల ఉక్కు కర్మాగారం, పరవాడ వైపు బొగ్గు విద్యుత్ కేంద్రం. 2009లో కేంద్ర కాలుష్య నియంత్రణ మండలి దేశంలోని పారిశ్రామిక వాడలకు మార్కులు వేస్తే విశాఖకు 70 దాటాయి, పటాన్‌చెరు-బొల్లారానికీ 70 దాటాయి. 70 దాటితే అతి తీవ్ర కాలుష్య ప్రాంతమని అర్థం. మన పిల్లలకు రాని ఫస్ట్‌క్లాసు మన గాలికి వచ్చింది. 2010లో కొత్త పరిశ్రమలపై, విస్తరణలపై తాత్కాలిక నిషేధం పెట్టారు. తర్వాత ఎత్తేశారు. ఆపై అదే బాణలిలోని చమురు శుద్ధి కర్మాగారం సామర్థ్యాన్ని ఏడాదికి 83 లక్షల టన్నుల నుంచి కోటీ 50 లక్షల టన్నులకు పెంచే పథకానికి అనుమతి దొరికింది. 2020 మే 7 తెల్లవారుజామున ఎల్జీ పాలిమర్స్ నుంచి స్టైరీన్ ఆవిరి వెలువడి ఆర్.ఆర్. వెంకటాపురంలో 12 మంది చనిపోయినప్పుడు ఒక సంగతి బయటపడింది. ఆ కంపెనీకి సరైన పర్యావరణ అనుమతి లేదు. లేదని కంపెనీయే అంతకు ఏడాది ముందు అఫిడవిట్‌లో ఒప్పుకుంది. కాగితం ఫైలులో ఉంది, ఫ్యాక్టరీ నడుస్తూనే ఉంది.

కొలిచే తీరూ అంతే. ఇంత నగరానికి ఏళ్ల తరబడి నగరపాలక సంస్థ పేరిట ఉన్న ఒక్క కేంద్రమే గంటగంటకూ గాలిని కొలిచి ప్రజలకు చూపించింది. మల్కాపురం ముక్కుకూ, ఎంవీపీ కాలనీ ముక్కుకూ కలిపి ఒకే అంకె. ఆ అంకెకు పెట్టే పేరు మరీ చిత్రం. ఇరవై నాలుగు గంటల సగటున ఘనపు మీటరు గాలిలో పీఎం 2.5 అరవై మైక్రోగ్రాముల దాకా ఉన్నా మన సూచీ దాన్ని ‘సంతృప్తికరం’ అంటుంది. ప్రపంచ ఆరోగ్య సంస్థ 2021లో పెట్టిన హద్దు పదిహేను. ఏడాది సగటుకు ఆ సంస్థ 5 దాటొద్దంటే, 2009 నాటి మన ప్రమాణం 40 దాకా పరవాలేదంటుంది. ఊపిరితిత్తులకు పాస్‌పోర్టు చూసి లొంగే అలవాటు ఉందని ఎవరైనా నిరూపిస్తే ఈ తేడాను ఒప్పుకుంటాం.

జనం తప్పేమీ లేదా అని అడిగేవారుంటారు. ఉంది. ఏటా జనవరిలో భోగి మంటల్లో టైర్లు వేయొద్దని హితవు చెప్పే సంపాదకీయాలు మేమూ రాశాం. వేయొద్దు, నిజమే. కానీ ఒక్క తెల్లవారుజాము మంట మీద ఉన్నంత కోపం, మూడు వందల అరవై అయిదు రోజులూ మండే గొట్టం మీద ఎందుకు రాదో మమ్మల్ని మేం కూడా అడగాల్సిందే. వాహనాల విషయంలోనూ జనాన్నే తిట్టడం సులువు. 2020 ఏప్రిల్ నుంచి బీఎస్-6 ఇంధనం వచ్చింది, అందులో గంధకం పది లక్షల్లో 50 పాళ్ల నుంచి పదికి తగ్గింది. ఇది మంచి పని, ప్రభుత్వానికే ఆ ఘనత. బండి బండికీ పొగ తగ్గింది సరే, బండ్లే రెట్టింపయితే? హైదరాబాద్‌లో ఫ్లైఓవర్ తర్వాత ఫ్లైఓవర్ కట్టారు. దాని కిందే బస్టాపులో నిలబడ్డ మనిషి గంటకొచ్చే బస్సు కోసం ఆ పొగంతా పీలుస్తున్నాడు. తెలంగాణలో 2023 డిసెంబరు నుంచి, ఆంధ్రప్రదేశ్‌లో 2025 ఆగస్టు నుంచి మహిళలకు బస్సు ఉచితం చేస్తే ఫుట్‌బోర్డు దాకా నిండిపోయాయి. బస్సుంటే జనం ఎక్కుతారని ఇంతకంటే రుజువేం కావాలి? టికెట్టు తీసేసిన ఉత్సాహం బస్సులు కొనడంలో కనిపించలేదు.

చేతకాని పని కాదిది. సూరత్‌లో 2019 నుంచి గుజరాత్ కాలుష్య నియంత్రణ మండలి ఒక ప్రయోగం చేసింది. ఫ్యాక్టరీల గొట్టాలకు యంత్రాలు బిగించి, ఊరు మొత్తానికీ ఇంత ధూళేనని హద్దు గీసి, ఆ హద్దులోనే కోటాలు కొనుక్కోండి, అమ్ముకోండి అంది. ఎక్కువ వదిలినవాడికి ఖర్చు, తక్కువ వదిలినవాడికి లాభం. ఆ పథకంలో ఉన్న ఫ్యాక్టరీల ధూళి 20 నుంచి 30 శాతం తగ్గిందని ఆర్థికవేత్తల అధ్యయనం తేల్చింది. ఫ్యాక్టరీలు మూతపడలేదు. మార్వాడీ లెక్క తెలిసిన ఊళ్లో పొగకు ధర కడితే పొగ తగ్గింది, అంతే. బీజింగ్‌లో 2013లో పీఎం 2.5 ఏడాది సగటు దాదాపు 90. అక్కడ బొగ్గు విద్యుత్ కేంద్రాలను మూసేశారు, ఇళ్ల బొగ్గు పొయ్యిల బదులు గ్యాసు, కరెంటు ఇచ్చారు, పాత బండ్లను తుక్కు చేశారు. 2021కి ఆ సగటు 33కి దిగింది. వాళ్ల రాజకీయం మనకొద్దు. కానీ వాళ్లు ముందు చేయి వేసింది చీపురు మీద కాదు, పొయ్యి మీద.

విశాఖకు కావలసినవి కొత్తగా కనిపెట్టక్కర్లేదు. బొగ్గు దిగిన చోటి నుంచి వ్యాగన్ ఎక్కే దాకా మూసిన దారి, మూసిన గోదాము. ప్రతి పెద్ద గొట్టం దగ్గరా నిమిషం నిమిషం కొలిచే యంత్రం ఎటూ ఉంది. దాని అంకెలు అధికారి కంప్యూటరులో కాకుండా గేటు ముందు బోర్డు మీద పడాలి. మల్కాపురం, శ్రీహరిపురం, జ్ఞానాపురం, గాజువాకల్లో విడివిడిగా నమోదు కేంద్రాలు. గ్రాంటు లెక్క పీఎం 10 నుంచి పీఎం 2.5కి మారాలి. ఈ చివరిది ఢిల్లీలో ఒక్క ఉత్తర్వుతో అయ్యే పని. ఎందుకు కాలేదంటే, అది మారిన రోజు ట్యాంకరు పనికిరాదు, గొట్టం జోలికి పోక తప్పదు.

గాలికి పోయిన ప్రాణాలకు సర్కారీ లెక్క కూడా లేదు. 2019లో దేశంలో వాయు కాలుష్యం వల్ల 16.7 లక్షల మంది చనిపోయారని లాన్సెట్ పత్రికలో వచ్చిన అంచనా. హైదరాబాద్ సహా పది నగరాల్లో ఏటా 33 వేల మరణాలకు పీఎం 2.5 కారణమని 2024లో అదే పత్రికల కుటుంబంలో మరో అధ్యయనం. పార్లమెంటులో అడిగితే, కేవలం కాలుష్యం వల్లే చనిపోయారని చెప్పే నిర్ధారిత సమాచారం లేదని ప్రభుత్వం పలుమార్లు జవాబిచ్చింది. నిజమే, మరణ ధ్రువీకరణ పత్రంలో గుండెపోటని రాస్తారు, గాలి అని రాయరు.

వన్‌టౌన్ ఇల్లాలు రేపు పొద్దున్న కూడా బకెట్టు, గుడ్డ పట్టుకుని గచ్చు మీద కూర్చుంటుంది. నగరపాలక సంస్థ ట్యాంకరు బయట రోడ్డు మీద చేసే పనే ఆమె లోపల చేస్తుంది. ట్యాంకరుకు గ్రాంటు వస్తుంది.