గీత దాటని ఊరు

ఈ వారం పాఠకులను ఇంగ్లండులోని ఒక చిన్న పల్లెకు తీసుకువెడుతున్నాను. డెర్బీషైర్ కొండల్లో, షెఫీల్డు నగరానికి సుమారు పన్నెండు మైళ్ల దూరాన ఉన్నదా ఊరు. అక్షరాలు కూడబలుక్కుని మనబోటివాళ్లం "ఎయామ్" అంటాం గాని, ఊరివాళ్లు "ఈమ్" అంటారు. జనాభా వెయ్యికి మించదు. రాతిగోడల ఇళ్లు, వాకిళ్లలో పూలమొక్కలు, నడిమధ్య చర్చి, చర్చి ఆవరణలో వెయ్యేళ్లకు పైబడిన రాతి శిలువ. ఇటువంటి పల్లెలు ఆ దేశంలో ఎన్నో ఉన్నాయి. అయితే ఇక్కడ కొన్ని ఇళ్లముందు చిన్న పలకలు కనిపిస్తాయి. ఒకప్పుడు ఆ ఇంట్లో పోయినవాళ్ల పేర్లూ, తేదీలూ వాటిమీద ఉంటాయి. ఒకే ఇల్లు, ఒకే ఇంటిపేరు. తేదీల మధ్య ఎడం మాత్రం కొద్ది రోజులే.

1665 లో లండనులో ప్లేగు చెలరేగింది. ఆ వేసవి చివర ఈమ్‌లోని ఒక దర్జీ ఇంటికి లండను నుంచి బట్టల మూట వచ్చింది. బట్టలు చెమ్మగిల్లి ఉంటే, అక్కడ పనిచేసే జార్జి వికార్స్ అనే అతను వాటిని విప్పి పొయ్యి దగ్గర ఆరవేశాడుట. సెప్టెంబరు 7 న అతని పేరు చర్చివారి మరణాల పుస్తకంలో ఎక్కింది. తరువాత ఆ ఇంట్లోవాళ్లు, ఆపైన ఇరుగుపొరుగువాళ్లు. చలికాలంలో కాస్త తగ్గినట్టే తగ్గి, మరుసటి ఏడు ఎండలతోపాటు జబ్బు మళ్లీ విజృంభించింది.

అప్పుడు ఊరి చర్చికి పెద్ద విలియం మాంపెసన్ అనే యువకుడు. కొత్తగా వచ్చినవాడు. ప్రభుత్వం పెట్టిన ప్రార్థనా పద్ధతికి ఒప్పుకోక 1662 లో ఉద్యోగం పోగొట్టుకున్న పాత మతగురువు థామస్ స్టాన్లీ కూడా అక్కడే ఉన్నాడు. ఊరివాళ్లకు గురి పాతవాడి మీదే. మతవిషయాల్లో ఉప్పూ నిప్పూ అయిన ఈ ఇద్దరూ 1666 జూన్‌లో ఒక్కటై జనాన్ని ఒప్పించారు. ఎవరి మనిషిని వాళ్లే పాతిపెట్టుకోవాలి. చర్చి మూసివేసి, ఊరిబయట లోయలో దూరదూరంగా నిలబడి ప్రార్థన చేయాలి. జబ్బు పోయేదాకా ఊరి హద్దు ఎవరూ దాటరాదు.

మరి తిండి మాటేమిటి? పక్క ఊళ్లవాళ్లూ, చాట్స్‌వర్తు జమీందారూ సరుకులు తెచ్చి పొలిమేరలో పెట్టి వెళ్లేవారు. స్టోనీ మిడిల్టన్ దారిలో గుంటలు తొలిచిన రాయి ఒకటి నేటికీ ఉంది. ఆ గుంటల్లో వెనిగర్ పోసి, అందులో డబ్బులు వేసేవారు. వెనిగర్‌లో మునిగిన నాణేనికి విషం అంటదని వారి నమ్మకం.

ఊరికి కొంచెం అవతల ఎలిజబెత్ హాన్కాక్ అనే రైతు ఇల్లాలు ఉండేది. ఆ ఆగస్టులో ఎనిమిది రోజుల్లో భర్తా, ఆరుగురు పిల్లలూ పోయారు. సాయానికి ఎవరూ రాకూడని రోజులు. ఏడుగురినీ ఆమే ఈడ్చుకువెళ్లి, తానే గొయ్యి తవ్వి పాతింది. ఆ సమాధులు నేటికీ పొలం మధ్యన ఉన్నాయి. ఆ నెల 25 న మాంపెసన్ భార్య కేథరిన్ కూడా పోయింది. నవంబరు 1 న కడపటి చావు. మొత్తం పద్నాలుగు నెలల్లో సుమారు 260 మంది.

ఈ కథను త్యాగగాథగానే చెప్పుకోవడం పరిపాటి. కాని ఒక మాట అడగక తప్పదు. అందరూ ఇష్టపడే ఉండిపోయారా? వెళ్లగలిగిన కలవారు కొందరు ముందే వెళ్లిపోయారు. మాంపెసన్ తన పిల్లలిద్దరినీ ముందే యార్క్‌షైర్ పంపించాడు. ఎక్కడికీ పోలేని రైతులు, సీసపు గనుల కూలీలు మిగిలారు. టైడ్స్‌వెల్ సంతకు పోయిన ఒక స్త్రీని ఆనవాలు పట్టి మట్టిగడ్డలతో తరిమారని ఒక కథ కూడా ఉంది. అంటే గీతకు అవతల కూడా కాపలా ఉన్నదన్నమాట.

జబ్బు ఎలా పాకుతుందో వారికి తెలియదు. ఎలుకల ఒంటిమీది గోమార్లు దాన్ని మోస్తాయని పాల్ లూయీ సిమాండ్ అనే ఫ్రెంచి వైద్యుడు 1898 లో కరాచీలో ప్రయోగం చేసి చూపాడు. బొంబాయి రాష్ట్రం ప్లేగుతో అల్లాడుతున్న రోజులవి. ఈమ్‌లో మనిషినుంచి మనిషికి పాకినదే ఎక్కువని 2016 లో అచ్చయిన ఒక పరిశోధన అంటుంది. ఆ లెక్కన ఒకరినొకరు అంటిపెట్టుకుని ఉండడమే కొన్ని ఇళ్లను తుడిచిపెట్టిందేమో! అయినా గీత మాత్రం నిలిచింది. చుట్టుపక్కల ఊళ్లు బతికాయి. పేదవాడికి వేరే దారి లేకపోయినంత మాత్రాన అతను చేసిన మేలు తక్కువదవుతుందా?

కొన్నేళ్లకు మాంపెసన్ వేరే ఊరి చర్చికి మారాడు. అక్కడివాళ్లు భయపడి ఆయన్ను కొన్నాళ్లు ఊరిబయట గుడిసెలో ఉంచారుట. జనాన్ని గీతలోపల ఉంచిన మనిషి చివరకు తానే గీతకు బయట ఉండవలసివచ్చింది.

ఏటా ఆగస్టు చివరి ఆదివారం ఊరివాళ్లు ఆ లోయలోనే ప్రార్థన చేస్తారు. బావులను పూలరేకులతో తీర్చిన బొమ్మలతో అలంకరిస్తారు. పొలిమేర రాయి దగ్గరికి వెళ్లిన యాత్రికులు ఆ గుంటల్లో ఇప్పటికీ నాణేలు వేసి వస్తుంటారు. ఇప్పుడు వాటిలో వెనిగర్ లేదు, వాననీళ్లే.