బర్గర్‌కు లేని మైల పెద్దకూరకెందుకు?

ఖరగ్‌పూర్ తాల్‌బగీచాలోని మా ఇంట్లో మొన్న బొగ్గుల మీద బీఫ్ బర్గర్లు కాల్చాను. కొవ్వు కలిసిన కీమాలో థాయ్ పద్ధతిన నిమ్మగడ్డి, వెల్లుల్లి, కొత్తిమీర వేళ్లు, పచ్చిమిర్చి నూరి కలిపాను. ఉప్పుకు బదులు ఫిష్ సాస్ వేశాను. కాలాక నిమ్మరసం పిండి బన్నుల్లో పెట్టాను. తోటి విద్యార్థులు అడిగి మరీ తిన్నారు.

వాళ్లలో ఒకరు, మా అమ్మ పెద్దకూర వండిన రోజు ముక్కు మూసుకున్న మనిషే. మాంసం అదే, కొన్న దుకాణమూ అదే. మారింది పేరు. బీఫ్ అంటే అభిరుచి, పెద్దకూర అంటే కులం.

1948లో వచ్చిన 'ది అన్‌టచబుల్స్'లో అంబేడ్కర్ అంటరానితనం మూలాల్లో గొడ్డుమాంసం తినడాన్ని చూపారు. 2012 ఏప్రిల్‌లో బీఫ్ ఫెస్టివల్ జరిపిన ఉస్మానియా విద్యార్థులపై దాడులు జరిగాయి. వాళ్లు అడిగింది కొత్త రుచి కాదు, హాస్టల్ మెస్‌లో తమ తిండికి చోటు.

'ఎవరి తిండి వాళ్లిష్టం' అనడం తేలికే. ఆ మాట బర్గర్ దగ్గరే ఆగిపోతే అది సమానత్వం కాదు. అందుకే ఈసారి అదే స్నేహితులను అమ్మ వంటకు పిలుస్తున్నాను. వడ్డించేది పెద్దకూర, ఆ పేరుతోనే.