గొడుగు రంగు చూసి పేరు పెట్టొద్దు

ఎర్రటి గొడుగు, దాని మీద తెల్లటి చుక్కలు. పిల్లల బొమ్మల పుస్తకాల్లో పుట్టగొడుగంటే ఇదే. ఫ్లై అగారిక్ అని పిలిచే ఈ అమానిటా మస్కేరియా ఐరోపా, ఉత్తరాసియా అడవుల్లో బర్చ్, పైన్ చెట్ల వేళ్లతో పొత్తు పెట్టుకుని పెరుగుతుంది. పైన్ మొక్కల వెంట ఆస్ట్రేలియా, న్యూజిలాండ్ కూడా చేరింది. అక్కడ స్థిరపడిన తెలుగు కుటుంబాలకు శరత్కాలంలో పైన్ తోటల్లో ఇది కొత్తేమీ కాదు. ఇంత కొట్టొచ్చినట్టు కనిపించేదాన్ని గుర్తుపట్టడం ఎంతసేపని ఎవరికైనా అనిపిస్తుంది. కానీ రంగును నమ్ముకున్నవాళ్లు దీన్ని కూడా సరిగ్గా గుర్తుపట్టలేరు.

ఆ తెల్ల చుక్కలు గొడుగులో భాగం కావు. లేతగా ఉన్నప్పుడు ఒంటినంతా కప్పి ఉంచిన పొర చిట్లిపోగా మిగిలిన ముక్కలవి. ఒక్క గట్టి వాన పడితే కడుక్కుపోతాయి. వయసు మీరేకొద్దీ ఎరుపు వెలిసి నారింజకు తిరుగుతుంది. ఉత్తర అమెరికా తూర్పు అడవుల్లోనైతే పసుపు రంగుదే ఎక్కువ. మరోపక్క రోమన్లు ఇష్టంగా తిన్న సీజర్ పుట్టగొడుగుదీ నారింజ గొడుగే, అదీ అమానిటాయే. చుక్కలు రాలిన ఫ్లై అగారిక్‌ను పైనుంచి చూస్తే రెండింటికీ తేడా తెలియదు. తిప్పి చూస్తే తెలుస్తుంది. సీజర్‌కు గొడుగు కింది రేకులు, కాడ బంగారు పసుపు. ఫ్లై అగారిక్‌కు రెండూ తెలుపు. చుట్టూ మట్టి తవ్వితే ఇంకా స్పష్టం. సీజర్ కాడ అడుగున పగిలిన కోడిగుడ్డు పెంకులా వదులైన తెల్ల సంచి ఉంటుంది. ఫ్లై అగారిక్ కాడ అడుగున ఉబ్బిన దుంప, దాని మీద వరసలుగా పొలుసులు ఉంటాయి. కాడను పైకి తుంచేస్తే ఈ సాక్ష్యమంతా మట్టిలోనే ఉండిపోతుంది.

మెరిసే రంగే విషానికి గుర్తు కదా అంటారు కొందరు. అయితే నారింజ రంగు సీజర్‌ను ఐరోపాలో నేటికీ తింటున్నారు. అదే కుటుంబంలోని డెత్ క్యాప్‌ది వెలసిన ఆకుపచ్చ, డిస్ట్రాయింగ్ ఏంజెల్‌ది స్వచ్ఛమైన తెలుపు. ఫ్లై అగారిక్ విషం మెదడు మీద పనిచేసి మత్తు, భ్రమలు కలిగిస్తుంది, ప్రాణం తీయడం అరుదు. చూపుకు సాదాగా ఉండే ఈ రెండింటిలోని అమాటాక్సిన్లు మాత్రం కాలేయాన్ని నాశనం చేస్తాయి. ఎంత ఉడికించినా ఆ విషం విరగదు. వెండి చెంచా నల్లబడకపోతే, పురుగు కొరికి ఉంటే తినొచ్చన్న మాటలకు ఏ ఆధారమూ లేదు. డెత్ క్యాప్‌ను నత్తలు హాయిగా తింటాయి.

మన పల్లెల్లో పెద్దలు చూపుతోనే చెప్పేవారు కదా అన్న ప్రశ్నను గౌరవంగానే తీసుకోవాలి. నిజమే, చెప్పేవారు. వారు చూసేది రంగును కాదు. వానలు పడ్డాక చెదపుట్ట మీద మొలిచిందా లేదా అన్నది. నేల, రుతువు, మొలిచిన చోటు కలిసిన జ్ఞానం అది. ఆ నేల మారితే పనికిరాదు. వరిగడ్డి పుట్టగొడుగు తినడం అలవాటైన ఆసియా వలసదారులు, దానిలాగే ఉందని డెత్ క్యాప్ తిని కాలిఫోర్నియాలో, కాన్‌బెర్రాలో ప్రాణాలు పోగొట్టుకున్నారు. రెండింటికీ కాడ అడుగున సంచి ఉంటుంది కనుక అదొక్కటీ చాలదు. గొడుగును కాగితం మీద బోర్లించి, గిన్నె మూసి రాత్రంతా ఉంచితే సిద్ధబీజాలు పొడిగా రాలతాయి. వరిగడ్డిదైతే గులాబీ ఛాయ, డెత్ క్యాప్‌దైతే తెలుపు. ఒక గుర్తు చాలనిచోట మరో గుర్తును పిలవడమే గుర్తింపు.

ఫోన్‌లో యాప్ ఉందిగా అనేవారికీ ఇదే జవాబు. పైనుంచి తీసిన ఫొటోలో దుంప లేదు, సంచి లేదు, రాలిన పొడి లేదు. పేరు ఊహించడానికి యాప్ సాయపడుతుంది, కూర వండుకోవడానికి కాదు. ఫ్లై అగారిక్ అని మనం ఒకే పేరుతో పిలుస్తున్నదే యురేషియాలో రెండు శాఖలుగా, ఉత్తర అమెరికాలో మరో శాఖగా విడిపోయిందని 2006లో డీఎన్‌ఏ పరిశోధన తేల్చింది. శాస్త్రవేత్తలే ఇంత ఆచితూచి మాట్లాడే చోట, ఒక్క ఫొటోను నమ్మి తినడాన్ని నేను ఒప్పుకోను. విదేశాల్లోని మనవాళ్లు అడవిలో దొరికినదాన్ని చూసి ఆనందించండి, వంటింటికి తేకండి. ఎవరైనా పొరపాటున తిన్నాక వాంతులు, విరేచనాలు మొదలైతే, అవి తగ్గినట్టే కనిపించినా ఇంట్లో ఉండిపోవద్దు. డెత్ క్యాప్ విషంలో ఆ ఊరట తాత్కాలికం. మిగిలిన ముక్కను వెంట తీసుకుని వెంటనే ఆస్పత్రికి వెళ్లండి.